కాటా కాడ క్రికెట్టు

మా బావ చనిపోయాడని అక్క ఫోన్ చేసినప్పుడు, తిరుపతిలో నా రిపేరు షాపులో ఎవరిదో ల్యాప్‌టాప్ విప్పి ముందర పెట్టుకుని ఉన్నాను. పొద్దున స్నానం చేసి ఇడ్లీ తినబోతూ, గుండె పట్టేసినట్టుందని మంచం మీద కూర్చున్నాడట. బంగారుపాళ్యం నుంచి చిత్తూరు ఆసుపత్రికి తీసుకుపోతుంటే దారిలోనే అయిపోయింది. "నువ్వు బిరీన రారా" అని అక్క ఫోన్ పెట్టేసింది. నేను చేతిలో స్క్రూడ్రైవరు పట్టుకుని అలాగే నిలబడ్డాను. అప్పుడు నా మనసులోకి మొదట వచ్చిన మాట చెబితే మీరు నన్ను మనుషుల్లో జమకట్టరు. "ఇంక అడగడానికి లేదు కదా" అనుకున్నాను. ఏడుపు ఆ తర్వాత వచ్చింది. మూడేళ్ళుగా బావను ఒక్క మాట అడగాలనుకుంటూ, ఈ పెళ్ళిలో అడుగుదాం, ఆ గృహప్రవేశంలో అడుగుదాం అని జరుపుకుంటూ వచ్చాను. నా మీద కోపం పోయిందా బావా, అని. అంతే.

ఆ కోపం దేని గురించంటే ఒక వీడియో గేమ్ గురించి. నవ్వుతారని తెలుసు. నవ్వండి. నేనూ అప్పట్లో నవ్వాను. నవ్వినందుకే ఇదంతా.

బావ బంగారుపాళ్యం దగ్గర హైవే పక్కన వేబ్రిడ్జిలో ఆపరేటరు. మా వైపు దాన్ని కాటా అంటాం. లారీ వచ్చి ఇనుప పలకల మీద నిలబడుతుంది, లోపల కంప్యూటర్లో బరువు పడుతుంది, బావ చీటీ ప్రింటు తీసి కిటికీలోంచి ఇస్తాడు. ఓనరు వేరే ఆసామి, ఊళ్ళో తోట ఉంది, నెలకో రెండు నెలలకో వచ్చి చూసిపోయేవాడు. పాతికేళ్ళు ఆ గది బావదే. మామిడికాయల కాలంలో పల్ప్ ఫ్యాక్టరీలకు పోయే ట్రాక్టర్లు, లారీలు కనుచూపు మేర నిలబడి ఉంటాయి, అన్నం తినే తీరిక ఉండదు. ఆ రెండున్నర నెలలు గడిస్తే ఇంక గంటకో బండి. దాణా మూటలు, ఇటుకలు, బెల్లం, అప్పుడప్పుడు పాత ఇనుము. మిగతా పొద్దంతా ఆ చిన్న గదిలో బావ, టేబుల్ ఫ్యాను, కాటా కంప్యూటరు, అందులో ఆ పాత క్రికెట్ ఆట.

ఆ ఆటను అందులో ఎక్కించిన పుణ్యాత్ముణ్ణి నేనే. ఇరవై ఏళ్ళ కిందట కంప్యూటర్ కోర్సు అయిపోయిన కొత్తలో, నాకేదో వచ్చని బావకు చూపించుకోవాలని, స్నేహితుడి దగ్గర సీడీ అడుక్కుని తెచ్చి వేశాను. అప్పటికే అది పాత ఆట. వారం రోజుల్లో విసుగొచ్చి తీసేయమంటాడు అనుకున్నాను. ఇరవై ఏళ్ళు ఆడాడు.

ఏముంది దాంట్లో అని నేను ఇప్పటికీ తల బద్దలు కొట్టుకుంటుంటాను. ఆటగాళ్ళందరికీ ఒకటే మొహం. రంగు మారుస్తారు, గడ్డం పెడతారు, అంతకుమించి ఏమీ లేదు. జనం అట్టముక్కలు. ఇద్దరు దొరలు ఇంగ్లీషులో కామెంటరీ చెబుతారు, చెప్పిందే చెబుతారు. సిక్స్ పోతే ఒక మాట, క్యాచ్ వదిలేస్తే ఒక మాట. ఇంగ్లీషు ముక్క రాని మా అక్క కూడా మధ్యాహ్నం క్యారియర్ తెస్తూ, గది బయట ఉండగానే ఆ గొంతు విని "వికెట్టు పడినట్టుండాదే" అనేది. తప్పు పోయేది కాదు.

ఇంకో సంగతి. ఆ ఆట ఆడినవాళ్ళందరికీ తెలిసిన దొంగ షాటు ఒకటి ఉంది. బంతి ఎక్కడ పడినా సరే, ముందుకు ఉరికి లెగ్ సైడు ఎత్తి కొట్టే బటన్లు రెండూ సరైన క్షణంలో నొక్కితే సిక్స్. ప్రతిసారీ సిక్స్. తయారుచేసినవాళ్ళ పొరపాటు అది. నేను అదొక్కటే ఆడేవాణ్ణి. క్షణం తప్పితే బౌల్డ్, తప్పకపోతే ఆరు. నా బ్యాటింగులో ఒకటీ రెండూ అనేవి లేవు.

అప్పట్లో సెలవుల్లో బంగారుపాళ్యం పోతే, కాటా గదిలో ఒకే కీబోర్డు మీద ఇద్దరం ఆడేవాళ్ళం. కుడిపక్క బాణం బటన్లు బావవి. ఎడమపక్క అక్షరాలు నావి. మోచేతులు తగులుతుండేవి.

"ఏమప్పా బామ్మర్దీ, ఆ షాటు తప్ప ఇంకేం రాదా నీకు? బంతి యాడ పడిందో కూడా సూడవు" అనేవాడు బావ.

"గెలుస్తున్నానా లేదా?"

"గెలుస్తా ఉండావు. ఆడతా ఉండావా?"

"నువ్వూ కొట్టు బావా, ఎవరొద్దన్నారు?"

"నాకూ తెలుసబ్బా అది. ఆడను. అట్లా కొడితే పదింటికే ఆట అయిపోతాది. సాయంత్రం దాకా నేనేం సేసేది ఈడ?"

ఆ మాటకు నేను పెద్దగా విలువ ఇవ్వలేదు. ఓడిపోయినవాళ్ళు అలాగే మాట్లాడతారు అనుకున్నాను.

ఆ ఆటలో నిజం ఆటగాళ్ళ పేర్లు ఉండవు. అనుమతి లేదేమో, అక్షరాలు అటూ ఇటూ మార్చి వింత పేర్లు పెట్టారు. కానీ ఆ పేర్లు మనం మార్చుకోవచ్చు. ఈ సంగతి బావకు ఎవరు చెప్పారో తెలియదు, నేనైతే చెప్పలేదు. ఒకసారి పోయేసరికి స్క్రీను మీద ‘ఐరాల బెల్లం’ బ్యాటింగ్ చేస్తున్నాడు. అవతలి వికెట్టు దగ్గర ‘పలమనేరు పాలు’. ఇంగ్లీషు అక్షరాల్లో, చోటు చాలక చివర తెగిపోయి.

"ఇదేంది బావా?" అన్నాను.

"మన టీము" అన్నాడు, చీటీ చింపుతూ.

కాటాకు వచ్చేవాళ్ళను బావ పేర్లతో ఎరగడు. ఏ ఊరి బండి, ఏ సరుకు, అంతే. ఐరాల నుంచి బెల్లం తెచ్చే రైతు ఐరాల బెల్లం. పలమనేరు పాల కేంద్రానికి దాణా తోలే డ్రైవరు పలమనేరు పాలు. చిత్తూరులో పాత ఇనుము వ్యాపారం చేసే సాయిబు ఇనుము భాయ్. పల్ప్ డ్రమ్ములు వేసుకుపోవడానికి ఏటా సీజనుకు కాంచీపురం నుంచి వచ్చే తమిళాయన కంచి లారీ. అలా పదిమంది. పదకొండోవాడు ‘బామ్మర్ది’. నేను.

"నన్ను ఆఖర్న వేసినావేంది?"

"నీకు బ్యాటింగ్ రాదు కదప్పా" అన్నాడు, నవ్వకుండా.

ఆ టీములోకి రావడానికి ఒక పద్ధతి ఉండేది. మూడు సీజన్లు మన కాటా ఎక్కినవాడికే చోటు. మూడో సీజను మొదటి రోజు బండి పలకల మీద నిలబడగానే, బావ బరువు చెప్పకముందే కిటికీలోంచి తల బయటపెట్టి "ఈ ఏడు నువ్వు ఐదో నంబరులో దిగుతా ఉండావు" అనేవాడు. గడ్డాలు నెరిసిన డ్రైవర్లు దానికి సిగ్గుపడి నవ్వడం నేను కళ్ళారా చూశాను. ఆ తర్వాత ఇంక వాళ్ళు బరువు అడిగేవాళ్ళు కాదు. బండి ఆపి, కిటికీ దగ్గరికి వచ్చి, "స్కోరెంత?" అనేవాళ్ళు. ఒకసారి ఇనుము భాయ్ నిజంగానే పోట్లాటకు వచ్చాడు.

"క్యా భాయ్, మళ్ళా సున్నానా? ఏడో నంబరులో పంపిస్తే సున్నా కాక ఏమొస్తాది? ముందర పంపించి సూడు, అప్పుడు మాట్లాడు!"

బావ ముందర పంపించాడు. మరుసటి వారం భాయ్ ముప్పై నాలుగు కొట్టాడట. చిత్తూరు నుంచి మైసూరుపాకు తెచ్చి అందరికీ పంచాడు. ఆ బ్యాటు పట్టింది బావ చేయి, ఆ పరుగులు తీసింది కంప్యూటరు, మైసూరుపాకు మాత్రం నిజం. ఈ లెక్క నా బుర్రకు ఎక్కదు.

ఇటుకల బట్టీ ముసలాయన ఒకాయన ఉండేవాడు, మూడో నంబరు. ఆయన పోయాక కూడా ఆ పేరు టీములో అలాగే ఉంది. నేను ఊరుకోలేక అడిగాను.

"ఆయప్ప పోయి రెండేళ్ళయింది కదా బావా?"

"పోయినాడు. అయితే ఏమి? మొన్ననే యాభై కొట్టినాడు. ఫామ్‌లో ఉండే మనిషిని ఎట్లా తీసేస్తాం?"

నేను పగలబడి నవ్వాను. బావ నవ్వలేదు. వింతగా చూశాడు నా వైపు, ఇందులో నవ్వడానికి ఏముంది అన్నట్టు.

మూడేళ్ళ కిందట, మామిడి సీజను ఇంకో పది రోజులుందనగా కాటా కంప్యూటర్ మొరాయించింది. వైరస్. బావ ఆ సీపీయూను పాత దుప్పట్లో చుట్టి, బస్సులో ఒళ్ళో పెట్టుకుని తిరుపతికి తెచ్చాడు. అంతకుముందూ అలాగే తెచ్చేవాడు. నా దగ్గరికి తప్ప ఎక్కడికీ తీసుకుపోడు. ఆ రోజు నా షాపు నిండా జనం.

"అన్నీ ఉండేట్టు సూడబ్బా" అని చెప్పి, టిఫిన్ తినడానికి వెళ్ళాడు.

అన్నీ చూశాను. చీటీల వివరాలన్నీ రెండు చోట్ల దాచాను. ప్రింటరు సంగతి చూసుకున్నాను. తర్వాత మొత్తం తుడిచి కొత్తగా ఎక్కించాను. మా పనిలో ఒక అలవాటు ఉంది. ఆఫీసుకు పనికొచ్చేది దాచు, ఆటలూ పాటలూ పారెయ్. ఆట సీడీ నా దగ్గరే ఉంది కదా, మళ్ళీ వేస్తే సరిపోతుంది అనుకున్నాను. వేశాను కూడా. పైగా బావ సంతోషపడతాడని, ఆ మిషను మోయగలిగిన ఇంకో కొత్త క్రికెట్ ఆట తెచ్చి పక్కనే పెట్టాను. అందులో మొహాలు వేరేవేరేగా ఉంటాయి. చెమట కూడా కనిపిస్తుంది.

బావ తిరిగి వచ్చాడు. చేతిలో నాకోసం పొంగలి పొట్లం. కొత్త ఆట చూపిస్తే "బాగుండాది, బాగుండాది" అంటూ పాతది తెరిచాడు. టీము పేజీకి వెళ్ళాడు. కిందికి పోయాడు. పైకి వచ్చాడు. మళ్ళీ కిందికి పోయాడు.

"మావోళ్ళు యాడ?" అన్నాడు.

"ఎవరు బావా?"

"మావోళ్ళప్పా. ఐరాల, పలమనేరు, భాయ్..."

అప్పుడు తెలిసింది నాకు. ఆట సీడీలో ఉంటుంది, ఆ పేర్లు సీడీలో ఉండవు. పదిహేడేళ్ళ టీము, ఎవరెన్ని పరుగులు చేశారో ఆ వివరం అంతా, నేనే నా చేత్తో తుడిచేశాను. ఒక్క ఫోల్డరు. కాపీ చేస్తే అర నిమిషం పట్టేది కాదు.

తప్పయిపోయింది బావా అనాలి కదా. ఎవరైనా అదే అంటారు. షాపులో జనం చూస్తున్నారు, నా పనితనం మీద నాకున్న గర్వం నా గొంతు పట్టుకుంది. నేను అన్నది ఇది:

"మళ్ళీ టైపు చేసుకుంటే సరిపోతుంది కదా బావా. అయినా యాభై దాటినాయి నీకు, ఇంకా ఈ పిల్లకాయల ఆటేంది?"

బెంచీ మీద కూర్చున్న ఇద్దరు నవ్వారు. నేనూ నవ్వాను వాళ్ళతోపాటు.

బావ నవ్వలేదు, కోప్పడలేదు. "సరేలే అబ్బా" అన్నాడు. దుప్పటి దులిపి, సీపీయూను జాగ్రత్తగా చుట్టి, ఎత్తుకుని వెళ్ళిపోయాడు. ఆటో పిలుస్తానంటే వద్దని చెయ్యి ఊపాడు. పొంగలి పొట్లం బల్ల మీదే ఉంది. ఇంకా వేడిగా ఉంది. సిగ్గు లేకుండా తిన్నాను కూడా.

ఆ తర్వాత బావ ఎన్నడూ ఆ కంప్యూటరును నా దగ్గరికి తేలేదు. చిత్తూరులో ఎవరికో చూపించుకున్నాడని అక్క చెప్పింది. నేనూ బంగారుపాళ్యం వెళ్ళడం తగ్గించాను. వెళ్ళినా ఇంటికి పోయేవాణ్ణిగానీ కాటా వైపు కాళ్ళు పోయేవి కావు. పెళ్ళిళ్ళలో కలిసేవాళ్ళం. "బాగుండావా? షాపు ఎట్లా పోతా ఉండాది?" అని ఎప్పటిలాగే పలకరించేవాడు. ఒకసారి పంక్తిలో పక్కపక్కన కూర్చున్నప్పుడు ధైర్యం చేశాను.

"టీము మళ్ళీ కట్టినావా బావా?"

"ఆ... ఏదో" అన్నాడు. వడ్డించేవాణ్ణి పిలిచి, "మా బామ్మర్దికి ఇంకొంచెం పాయసం ఎయ్యప్పా" అన్నాడు.

దీన్ని ఎలా తీసుకోవాలి, మీరే చెప్పండి. కోపం ఉన్నవాడు పాయసం వేయించడు. కోపం లేనివాడు చిత్తూరు పోడు. ఇంటికొచ్చి మా ఆవిడను అడిగాను. "పాయసం బాగుందా లేదా?" అంది. ఆమెతో ఏ విషయమూ తేలదు.

దినాలు అయిన మర్నాడు అక్క నన్ను పిలిచింది. కాటా ఆసామి కొత్త కంప్యూటర్ తెప్పించాడు, రేపు బిగిస్తారు, పాతది మమ్మల్నే తీసుకుపొమ్మన్నాడు. మంచి మనిషి, అక్కకు దాని అవసరం ఉంటుందని ఆయనకే తోచింది.

"దాన్ని ఇంటికి తేరా. ఆ దొరల గొంతు వినల్లని ఉండాది" అంది అక్క. నేను తెస్తానంటే వినలేదు, తనూ బయల్దేరింది.

కొత్త మిషను కోసం ఆ రోజు కాటా మూసి ఉంది. గది తాళం అక్కే తీసింది. టేబుల్ ఫ్యాను, చీటీల కట్ట, మేకుకు వేలాడుతున్న బావ తువాలు. అక్క తువాలు తీసి మడిచి ఒళ్ళో పెట్టుకుని, స్టూలు మీద కూర్చుంది. నేను బావ కుర్చీలో కూర్చోలేక కాసేపు నిలబడ్డాను. తర్వాత కూర్చున్నాను.

కంప్యూటర్ వేయగానే నేను చేసిన మొదటి పని ఆ ఫోల్డరు కాపీ చేయడం. పెన్‌డ్రైవులోకి ఒకటి, నా ల్యాప్‌టాప్‌లోకి ఒకటి, ఇంకో పెన్‌డ్రైవులోకి ఒకటి.

"ఏం చేస్తా ఉండావు రా అంతసేపు?"

"మూడేళ్ళ కిందట చేయాల్సిన పని అక్కా."

అక్క తల ఊపింది. ఆమెకు తెలుసని నాకు అప్పుడు అర్థమైంది.

ఆట తెరిచాను. దొర గొంతు వినపడగానే అక్క తువాలు మొహానికి అడ్డం పెట్టుకుంది. నేను టీము పేజీకి వెళ్ళాను. ఉన్నారు. అందరూ ఉన్నారు. ఐరాల బెల్లం, పలమనేరు పాలు, ఇనుము భాయ్, కంచి లారీ. ఇటుకల ముసలాయన మూడో నంబరులో అలాగే ఉన్నాడు. బావ ఒక్కొక్క అక్షరం వెతుక్కుని మళ్ళీ కట్టుకున్నాడు. నేను ఒక్కొక్క పేరూ చదువుతూ కిందికి దిగాను. ఎనిమిది, తొమ్మిది, పది. పదకొండో పేరు దగ్గర ‘దాణా మూటలు’ అని ఉంది. నేను లేను.

పన్నెండో వాడు కూడా నేను కాదు. రెండుసార్లు చూశాను.  న్యాయమే కదా అనుకున్నాను. చచ్చిపోయినవాణ్ణి కూడా తీయని మనిషి నన్ను తీసేశాడంటే, అంతకంటే వేరే జవాబు ఏం కావాలి నాకు?

"ఏమైందిరా?" అంది అక్క.

"నన్ను తీసేసినాడక్కా బావ."

"యాడి నుంచి?"

"టీములో నుంచి."

అక్కకు నా మాట బోధపడినట్టు లేదు. స్క్రీను వైపు చూసింది, కీబోర్డు వైపు చూసింది. "ఏమోరా. నాకు తెలిసి ఆయనకు ఈ మధ్య కొంచెం మతి చెడినట్టుండె. ఒక్కడే కూర్చుని రెండు చేతుల్తో ఆడతా ఉండె. ఈ చేత్తో ఈ పక్క, ఆ చేత్తో ఆ పక్క. ఏమయ్యా ఇది, నీతో నువ్వే ఆడతావా అంటే, ఊరకుండు, మ్యాచ్ టైటుగా ఉండాది అనె."

రిపేరువాణ్ణి, ముందే గమనించాల్సింది. ఆ కీబోర్డు మీద బాణం బటన్లు అరిగిపోయి ఉన్నాయి, అది సరే. బరువులు కొట్టే అంకెలు అరిగిపోయాయి, అదీ సరే. ఎడమపక్క అక్షరాలు నాలుగు ఎందుకు నున్నగా ఉన్నాయి? చీటీకి వాటితో పెద్దగా పని లేదు. అవి ఒకప్పుడు నా బటన్లు.

మధ్యలో ఆపి దాచిన మ్యాచ్ ఒకటి ఉంది. తెరిచాను. బావ టీము బౌలింగ్. అవతలి టీములో అన్నీ ఆటతోపాటు వచ్చిన ఆ వింత పేర్లే. ఒక్కటి తప్ప. మొదటి నంబరు, ఓపెనింగ్ బ్యాట్స్‌మన్, కెప్టెన్. ‘బామ్మర్ది’. యాభై నాలుగు, నాటౌట్.

స్కోరుబోర్డు పూర్తిగా తెరిచాను. యాభై నాలుగు పరుగులు. ఫోర్లు సున్నా. సిక్సర్లు తొమ్మిది.

కిందున్న పాత మ్యాచ్‌లు తెరిచాను. సున్నా, ఐరాల బెల్లం చేతిలో బౌల్డ్. పద్దెనిమిది, సిక్సర్లు మూడు. పన్నెండు, సిక్సర్లు రెండు. మళ్ళీ సున్నా. ఒకటీ రెండూ లేవు, ఫోరు లేదు. అన్నీ ఆ దొంగ షాటే. తన చేత్తో తను ఏనాడూ ఆడనన్న షాటు. నా బటన్ల మీద వేళ్ళు పెట్టినప్పుడు మాత్రం బావ నాలాగే ఆడాడు. కళ్ళు మూసుకుని గుద్దాడు. అవుటైతే అవుటయ్యాడు.

నాకు ఏడవాలో నవ్వాలో తెలియలేదు. "అక్కా, మూడేళ్ళు నన్ను అవతలి టీములో పెట్టుకుని ఆడినాడు. ఇది కోపమా, ఏంది? నన్ను అవుట్ చేసి కసి తీర్చుకున్నాడా?"

"ఎదురుగా ఎవురో ఒకరు ఉండాల కదరా ఆటకి" అంది అక్క. "నువ్వు రాకపోతివి. నీ చేయి కూడా ఆయనే ఆడినాడు."

"కోపం లేకుంటే నాతో ఒక్క మాట చెప్పొచ్చు కదా. రమ్మని పిలవొచ్చు కదా."

"నువ్వు అడిగినావా?"

అడగలేదు. తలకాయ బల్లకు ఆనించి ఏడ్చాను. అక్క లేచి వచ్చి వీపు మీద చెయ్యి వేసింది. కట్టుకున్నవాణ్ణి పోగొట్టుకున్నది ఆమె, ఓదార్పు నాకు.

ఇంతసేపూ చెప్పుకొచ్చిన నాకు ఇప్పటికీ అంతా తేటపడిందని అనను. క్షమించాడంటారా? మరి చిత్తూరు ఎందుకు పోయాడు? నా చేతికి ఇస్తే మళ్ళీ తుడిచేస్తానని భయపడ్డాడేమో. ఆ భయం న్యాయమైనదే. పాయసం కూడా నిజమైనదే అయి ఉండొచ్చు. ఒకే మనిషిలో రెండూ ఉంటాయేమో. ఇన్నేళ్ళు ఒకే ఆట ఎందుకు ఆడాడన్నది మాత్రం ఇప్పుడు కొంచెం కొంచెంగా తెలుస్తోంది. కొత్త ఆటలో మొహాలన్నీ వేరేవేరేగా ఉంటాయి, అవి ఎవరివో ఒకరివి. ఇందులో అందరిదీ ఒకటే మొహం కాబట్టి, ఎవరి పేరు పెడితే వాళ్ళే వచ్చి నిలబడతారు.

ఆ రోజు నేనింకా తల ఎత్తకముందే బయట హారన్ మోగింది. రెండుసార్లు. కాటా మూసి ఉందని బోర్డు పెట్టినా, ఒక లారీ వచ్చి పలకల మీద ఆగింది. డ్రైవరు దిగి, తలకు చుట్టుకున్న తువాలు విప్పుకుంటూ, అలవాటు ప్రకారం తిన్నగా కిటికీ దగ్గరికి వచ్చి మొహం పెట్టాడు.

"అన్నా, స్కోరెన్న?"

లోపల నన్ను చూసి ఆగిపోయాడు. తమిళ యాసతో అడిగాడు. "అన్న యాడ?"

నిరుడు సీజను అయిపోయాక మళ్ళీ ఇప్పుడే వస్తున్నాడు. కంచి లారీ.  అక్కే లేచి కిటికీ దగ్గరికి వెళ్ళి చెప్పింది, పద్నాలుగు రోజులైందని. ఆయన కిటికీ ఊచలు పట్టుకుని అలాగే నిలబడ్డాడు. తర్వాత చుట్టూ తిరిగి, చెప్పులు గుమ్మం బయట వదిలి, లోపలికి వచ్చాడు. ఇన్నేళ్ళలో కిటికీ అవతలే నిలబడ్డాడు గానీ, గదిలోకి రావడం ఇదే మొదటిసారట.

నేను సగంలో ఆగిన ఆ మ్యాచ్‌ను మళ్ళీ తెరిచాను. ఆయన స్క్రీను వైపు చూస్తూ మెల్లగా అడిగాడు.

"బ్యాటింగ్ ఎవురు?"

"నేనే. వాళ్ళ బామ్మర్దిని."

"సిక్సరు బామ్మర్దియా!" అన్నాడు. బావ ఈయనకు కూడా చెప్పాడన్నమాట. "మరి బౌలింగ్?"

నేను స్క్రీను కింద ఉన్న పేరు చూపించాను. ఆయనకు ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కోవడానికి కొంచెం టైము పట్టింది. చదివి, తన గుండె మీద వేలు పెట్టుకుని నన్ను చూశాడు.

"నువ్వేనన్నా. ఆ ఓవరు నీదే. సగంలో ఉంది."

అక్క తను కూర్చున్న స్టూలు కుడిపక్కకు జరిపింది. ఆయన కూర్చున్నాడు. ఏ బటనో చూపించాను, అది నొక్కితే బౌలరు పరుగు మొదలుపెడతాడు. ఆయన చూపుడు వేలు లుంగీకి శుభ్రంగా తుడుచుకుని ఆ బటన్ మీద ఆనించాడు.

"ఇప్పుడు నొక్కేదా?"

"ఉండన్నా" అన్నాను.

ఎడమపక్క నున్నబడిన ఆ నాలుగు అక్షరాల మీద వేళ్ళు పెట్టుకున్నాను. ఆ షాటు మాత్రం ఈసారి ఆడకూడదు అనుకున్నాను. బంతి ఎక్కడ పడుతుందో చూడాలి. వీలైతే ఒక్క పరుగు తీయాలి. స్క్రీను మీద, అందరికీ ఉన్న ఆ ఒకే మొహంతో, కింద నా పేరుతో, వాడు క్రీజులో వంగి నిలబడి బ్యాటును నేలకు ఆడిస్తూ ఉన్నాడు, టక్, టక్, టక్ అని, బంతి వచ్చేదాకా.